మా అత్త నోటికి అనువాదం

జులై 7, సోమవారం

ఈ డైరీని దాచాల్సిన పని లేదు. మా ఇంట్లో చదివే ఓపిక ఉన్నది నాకొక్కదానికే.

కొత్త కోడలు వచ్చి మూడు రోజులైంది. పేరు అసెన్లా. నాగాలాండ్ పిల్ల. మావాడు డేవిడ్‌రాజు బెంగుళూరు ఆసుపత్రిలో ల్యాబులో పనిచేస్తున్నప్పుడు ఆమె అక్కడే నర్సు. అక్కడి చర్చిలోనే పెళ్ళయింది. వాళ్ళూ మనలాగే బాప్టిస్టులని తెలిసి మా ఆయన వరదయ్య "ఇంకేంది, దేవుడొకడే, పాటలొకటే" అని తేల్చేశాడు. భాష వేరన్న సంగతి ఆయనకి తట్టలేదు. ఆమెకి తెలుగు రాదు. మా అత్తకి తెలుగు తప్ప ఏదీ రాదు. నేను తెలుగు టీచర్ని. నాకున్న ఇంగ్లీషు హాజరు పిలవడం వరకు సరిపోతుంది.

చిక్కేమిటంటే, మావాడికి ఇప్పుడు ఆత్మకూరులో ఉద్యోగం. ఆమెను కూడా అక్కడ ఒక ఆసుపత్రిలో చేరమన్నారు. ఆగస్టు పదకొండుకల్లా సంగతి తేల్చాలి. ఆమె మావాడితో సూటిగా చెప్పేసింది. నెల రోజులు మీ ఇంట్లో ఉండి చూస్తాను, నేను కావాలనుకునే ఇల్లయితే ఉంటాను, లేదంటే బెంగుళూరులో పాత ఉద్యోగానికి పోతాను అని. పోతే ఒక్కతే పోతుందా? మావాడు సంచి మోసుకుంటూ వెనకే పోతాడు. ఉన్నది ఒక్క కొడుకు. మొన్ననే దగ్గరికొచ్చాడు. మళ్ళీ వాడిని దూరం చేసుకోవడం నా వల్ల కాదు.

ఇక మా అత్త రాహేలమ్మ. ఆమె నోరు ఉదయగిరిలో ఎవరికి తెలియదు? ప్రార్థన చేసేటప్పుడు దేవుడితో తప్ప ఇంకెవరితోనూ మెత్తగా మాట్లాడి ఎరగదు. ఆ దేవుడు కూడా కాస్త భయపడుతూనే వింటాడనుకుంటాను. నేను కాపురానికి వచ్చిన రోజు నుంచి ఇవాళ్టి దాకా నా జవాబు ఒక్కటే. "సరే అత్తా."

జులై 8, మంగళవారం

ఆ మధ్య టీచర్ల ట్రైనింగులో చూపించిన అనువాదం యాప్ గుర్తొచ్చింది. నా పాత ఫోనులో వేసి, వరండాలో అత్త మంచం పక్కన స్టూలు మీద పెట్టాను. ఇటు తెలుగులో మాట్లాడితే అటు ఇంగ్లీషులో పలుకుతుంది. అటు ఇంగ్లీషులో మాట్లాడితే ఇటు తెలుగు. నేను బడికి పోతే వాళ్ళిద్దరికీ అదే దిక్కు.

మొదటి రోజే పేచీ పెట్టింది. అత్త ఏమన్నా "దయచేసి మళ్ళీ చెప్పండి" అంటుంది.

"ఏందే ఇది, చెవిటిదా?" అంది అత్త.

"దయచేసి మళ్ళీ చెప్పండి."

"ఇంకోసారి అన్నావంటే నెత్తిన ఒకటి పెడతా."

అసెన్లా నవ్వు ఆపుకోలేక లోపలికి పారిపోయింది. సహాయం అని ఉన్నచోట నొక్కి చదివాను. సమస్యలు, పరిష్కారాలు అని ఒక పేజీ ఉంది. మైకుకి అనుమతి ఇచ్చారా? ఇచ్చాను. చుట్టూ చప్పుడు ఉందా? ఉంది. పెరట్లో మా ఆయన చెక్క గరిటెలు చెక్కుతున్నాడు. ఆ ఉలి చప్పుడు చాటున ఇంట్లో ఏ గొడవా ఆయన చెవిన పడదు. అందుకే ఆ పని ఎంచుకున్నాడని నా అనుమానం. యాప్ మూసి మళ్ళీ తెరవండి. తెరిచాను. "మీ సమస్య తీరిందా?" అని అడిగింది. నా సమస్య నీకేం తెలుసమ్మా అనుకున్నాను.

చివరికి "నా పదకోశం" అని ఒకటి కనబడింది. యాప్‌కి రాని మాటలు మనమే నేర్పవచ్చు. ఇటు మన మాట, అటు దాని అర్థం పెడితే చాలు, ఇక ఎప్పుడూ అలాగే అనువదిస్తుంది. ఉండాది, యాడ, అట్టనే, ఎవురు అన్నీ ఎక్కించాను. సాయంత్రానికి అత్త మాట గడగడా ఇంగ్లీషైపోయింది. ఈ వయసులో నాకు కొత్త విద్య అబ్బింది.

జులై 10, గురువారం

విద్య అబ్బకపోయినా బాగుండేది.

ఉదయం నేను బస్సుకి బయలుదేరుతున్నాను. అసెన్లా తన పెట్టెలోంచి పొట్లం ఒకటి తీసి ఎంతో ముచ్చటగా అత్త ముందు విప్పింది. చేమాకు నూరి, పులియబెట్టి, పొయ్యి పైన పొగకు ఆరబెట్టిన నల్లటి బిళ్ళలు. వాళ్ళమ్మ చేసి పంపిందట, కూరలో వేసుకుంటారట.

అత్త ఒకటి తీసి వాసన చూసింది. "ఏందే ఇయ్యి, పిడకలా? మనుషులు తినేవేనా? ఓసి దద్దమ్మా, కాపురానికి వస్తా పిడకలు మోసుకొచ్చిన కోడల్ని నేను యాడా చూళ్ళా."

నేను స్టూలు దగ్గరికి చేరేలోపే ఫోను మొత్తం చెప్పేసింది. ఒక్క ముక్క వదల్లేదు. యంత్రానికి సిగ్గుంటేగా! అసెన్లా ముఖం వాడిపోయింది. బిళ్ళలు మళ్ళీ పొట్లం కట్టి లోపలికి వెళ్ళింది.

సాయంత్రం బెంగుళూరు బస్సులు ఏ వేళకున్నాయని మావాడిని అడుగుతుంటే విన్నాను.

జులై 11, శుక్రవారం

బస్సులో కిటికీ సీటు దొరికింది. మా బడి ఉన్న ఆత్మకూరు చేరేలోపు చిన్న మరమ్మతు చేశాను. ఫోన్లు రెండింటికీ ఖాతా ఒకటే కాబట్టి ఇక్కడ పెట్టినా అక్కడికి చేరుతుంది.

మా అత్త తిట్లు పది రకాలున్నా రోజూ వాడేవి నాలుగే. మొద్దు అనే మాటకి ఎదురుగా "మై డియర్" అని పెట్టాను. దద్దమ్మకి "వెరీ కైండ్". నోర్ముయ్‌కి "థాంక్యూ". నీ జిమ్మడకి "గాడ్ బ్లెస్ యూ".

ఇది అబద్ధం కిందికి రాదు. అనువాదంలో మాట కాదు, భావం ముఖ్యం అని పిల్లలకి నేనే చెబుతాను. మా అత్త నోర్ముయ్ అన్నదంటే ఎదుటివాళ్ళ మాట ఒప్పుకున్నదని అర్థం. ఆ లెక్కన అది థాంక్యూయే. నీ జిమ్మడ అని ఆమె ప్రేమ లేనివాళ్ళని అనదు. నేను భావాన్ని సరిదిద్దాను, అంతే.

జులై 13, ఆదివారం

పనిచేస్తోంది! చర్చి నుంచి వచ్చాక అసెన్లా మంచినీళ్ళు తెచ్చిస్తుంటే అత్త చేతిలో గ్లాసు ఒలికింది. "చూసి ఇవ్వొద్దా మొద్దూ, నీ జిమ్మడ" అంది. ఫోను ఏమి చెప్పిందో! అసెన్లా కళ్ళు తళతళలాడాయి. వంగి అత్త పాదాలు తుడిచింది. అత్త బిత్తరపోయింది.

"ఏందే సుకుమారీ ఈ పిల్ల? తిడితే కాళ్ళు తుడస్తా ఉండాది" అంది నా వైపు తిరిగి.

"మంచి పిల్ల అత్తా" అన్నాను.

జులై 16, బుధవారం

బస్సుల ఊసు మళ్ళీ ఎత్తలేదు.

జులై 22, మంగళవారం

నేను బడి నుంచి వచ్చేసరికి వరండాలో ఇద్దరూ ఒకే మంచం మీద ఉన్నారు. మా అత్త మంచం మీద ఇంతవరకు నేను కూర్చోలేదు. అసెన్లా ఆమె తల దువ్వుతోంది. సోమశిల నుంచి తెప్పించుకున్న ఎండు చేపల డబ్బా, మాకెవరికీ మూత కూడా చూపించనిది, ఇద్దరి మధ్యా తెరిచి ఉంది.

"పిల్లకి నోరుండాదే" అంది అత్త నన్ను చూసి, మెచ్చుకోలుగా.

చక్కగా మాట్లాడుతుందని కాబోలు. యాప్ తెలుగు కాస్త పుస్తకంలా ఉంటుంది కదా, అదీ మర్యాద. మర్యాద విని విని మా అత్త కూడా మారుతోందన్నమాట. నా పదకోశం నాలుగు మాటలతో ఈ ఇంటిని చక్కదిద్దింది.

"ఏమంటా ఉండాది అత్తా?" అని అడిగాను.

"మా ఇద్దరి మజ్జన నీకెందుకే" అంది.

జులై 25, శుక్రవారం

ఇవాళ కూడా నవ్వుతున్నారు. నేను గొప్పదాన్ని.

ఆగస్టు 1, శుక్రవారం

గొప్పదాన్ని అని రాసినందుకు దేవుడు నా తల వంచాడు.

సాయంత్రం మా ఇంట్లో ప్రార్థన కూటం. కొత్త కోడలు వచ్చింది కాబట్టి కృతజ్ఞతా కూటం కూడా అదే అన్నారు. పాస్టరుగారు వచ్చారు, సంఘమంతా వచ్చింది, వరండా నిండి జనం వీధిలోకి వచ్చారు. పాటలయ్యాక, దేవుడు చేసిన మేలు గురించి కోడల్ని సాక్ష్యం చెప్పమన్నారు. అందరికీ వినబడాలని మావాడు ఫోనుని పాటల స్పీకరుకి తగిలించాడు. నేను ముందు వరసలో, పట్టుచీరలో, మెడ నిక్కించుకుని కూర్చున్నాను.

అసెన్లా చేతులు కట్టుకుని మృదువుగా ఇంగ్లీషులో మాట్లాడింది. ఒక్క క్షణం ఆగి స్పీకరులోంచి తెలుగు వచ్చింది.

"పాస్టరుగారూ, మీరు దద్దమ్మ. మా ఇంటికి వచ్చినందుకు నోర్ముయ్. సంఘ పెద్దలారా, మీరు కూడా దద్దమ్మ. మా అవ్వ మొద్దు. అందరికీ నీ జిమ్మడ."

పాస్టరుగారు బైబిలు ఒళ్ళోంచి జారిపోతున్నా పట్టుకోలేదు. నా చెవుల్లోంచి ఆవిరి వచ్చినట్టయింది.

అప్పుడు మా అత్త నవ్వింది. మంచం కోడు పట్టుకుని, కళ్ళ నీళ్ళు కారేలా నవ్వింది.

"చూసినారా! దినామూ నన్ను ఇట్టనే అంటాది. పొద్దున లేస్తానే ముందుగాల వచ్చి, మొద్దు అవ్వా నీ జిమ్మడ అనకుండా టీ ఇయ్యదు. నన్నొక్కదాన్నే అనుకుంటి. అయ్యగార్ని గూడా వదల్లా!"

ఆమె గొంతులో గర్వం. మనవడికి ఉద్యోగం వచ్చినప్పుడు కూడా అంత గర్వంగా చెప్పుకోలేదు. మావాడు పరుగున వెళ్ళి అసెన్లా చెవిలో ఏదో చెప్పాడు. ఆమె ముఖం తెల్లబడింది. పాస్టరుగారి ముందు మోకరించబోయింది. ఆయన కంగారుగా లేపి, యాప్ పొరపాటమ్మా, యాప్ పొరపాటు అన్నారు. అందరికంటే గట్టిగా నేనూ అదే అన్నాను.

ఆగస్టు 2, శనివారం

పదకోశం అడుగున చిన్న అక్షరాల్లో ఒక మీట ఉంది. "రెండు వైపులా వర్తింపజేయి." అది మొదటి నుంచీ వేసే ఉంది. అంటే నేను మొద్దుని మై డియర్ చేసిన రోజు నుంచీ ఆ పిల్ల మై డియర్ అన్నప్పుడల్లా మా అత్తకి మొద్దు అని వినబడుతోంది. థాంక్యూ అంటే నోర్ముయ్. నర్సు పిల్ల, మాటకొక థాంక్యూ, పూటకొక గాడ్ బ్లెస్ యూ.

ఇన్నాళ్ళూ మా అత్త ఆ తిట్ల కోసమా ఎదురుచూసింది?

నాలుగు మాటలూ చెరిపేశాను. "అమ్మా, ఆ యాప్‌లో ఏం చేసినావు?" అని మావాడు అడిగాడు. "అప్‌డేట్ వచ్చినాది నాయనా" అన్నాను. వాడు నన్ను చాలాసేపు చూశాడు. వాడికి ఆ చూపు వాళ్ళ అవ్వ నుంచి వచ్చింది.

ఆగస్టు 4, సోమవారం

ఇప్పుడు యాప్ ఉన్నది ఉన్నట్టు చెబుతోంది. ఇల్లు శవం లేచిన ఇల్లులా ఉంది.

అసెన్లా: "గౌరవనీయురాలైన అవ్వా, ఆ మాటలు నావి కావు. నన్ను క్షమించండి. దేవుడు మిమ్మల్ని దీవించును గాక."

అత్త ఆ మాట విని గోడవైపు తిరిగి పడుకుంది. టీ తాగలేదు. నేను అడిగితే, "దానికి నా మింద ఏంది కోపం? ఎందుకట్టా మర్యాదగా మాట్లాడతా ఉండాది?" అంది. ఆ తిట్లు ఆ పిల్లవి కావు, యాప్‌వి అని చెప్పాను. "యంత్రానికి నా మింద పగా? ఎవురికి చెప్తావే కతలు" అంది.

అటు అసెన్లాకి కూడా మొద్దు అనే మాట మొద్దుగానే వినబడుతోంది. మొన్నటిదాకా మై డియర్ అన్న అవ్వ, కూటంలో జరిగిన దానికి పగబట్టి తిడుతోందని అనుకుంటోంది పాపం.

ఆగస్టు 6, బుధవారం

అసెన్లా వంటింట్లో నా దగ్గరికి ఫోను తెచ్చి పెట్టింది. "అవ్వ నన్ను ఎప్పుడు క్షమిస్తుంది?" అని పలికింది ఫోను.

ఒక్క మాట చెబితే తీరిపోయేది. ఆమె ఎప్పుడూ ఇంతేనమ్మా, మధ్యలో తేనె పూసింది నేనే అని. నోటిదాకా వచ్చింది. చెబితే నన్ను ఏమనుకుంటుందో అని భయం వేసింది. "యాప్ ఇంకా సరిగ్గా పనిచేయడం లేదు" అన్నాను.

ఆమె తల ఊపి వెళ్ళిపోయింది. తరవాత మావాడితో అటక మీదనుంచి పెట్టె దింపించుకుంది.

యాప్ సహాయం పేజీ మళ్ళీ మొదటి నుంచి చదివాను. దీనికి పరిష్కారం అందులో లేదు.

ఆగస్టు 8, శుక్రవారం

బడికి సెలవు పెట్టాను. కడుపునొప్పి అన్నాను. నిజంగానే నొప్పి పుట్టింది.

అసెన్లా వరండాలో బట్టలు మడతపెట్టి పెట్టెలో సర్దుతోంది. అత్త మంచం మీద లేచి కూర్చుని చాలాసేపు అది చూసింది. తరవాత తనే ఫోను చేతిలోకి తీసుకుంది. ఆ ఫోనుని ఆమె ముట్టుకోవడం అదే మొదటిసారి. నేను వంటింటి తలుపు వెనక ఉన్నాను. చాటుగా వినాలని కాదు, చేతిలో పాలగిన్నె ఉంది, కదిలితే ఒలుకుతుంది.

"ఏమే పిల్లా," అంది అత్త. "నేను తిడతా ఉండానని పోతా ఉండావా? నేను తిట్టంది ఎప్పుడే? వచ్చిన దినం నుంచీ తిడతానే ఉండాను గదా. నువ్వు గూడా తిరిగి అంటివి. నాకు ఎంత బాగుండిందో తెలుసా? ఈ ఇంట్లో ఒక మనిషి ఉండాదిరా అనుకుంటి. నా కొడుకు ఉలి పట్టుకొని పెరట్లోకి పోతాడు. నా కోడలు ఏమన్నా సరే అత్తా అంటాది. అది ఒప్పుకుంటా ఉండాదో, నన్ను మనసులో పూడ్చిపెడతా ఉండాదో నాకు ఈ నాటికీ తెలీదు. గోడకి చెప్పుకున్నట్టే. ఇప్పుడు నువ్వు గూడా మర్యాద మొదలుపెట్టినావు. పోయేవాళ్ళే మర్యాదగా మాట్లాడేది."

ఫోను అంతా చెప్పింది. ఈసారి సరిదిద్దడానికి ఏమీ లేదు. సరే అత్తా అని నేను ఇంటిని నిలబెడుతున్నానని అనుకున్నాను. ఆమెకి అది గోడలా తగులుతోందని నాకెవరు చెప్పారు?

కాసేపటికి అసెన్లా వంటింట్లోకి వచ్చింది. ఫోను నా ముందు పెట్టింది. "అవ్వ మొదటి రోజు నుంచి ఇలాగే అన్నారా?"

తల ఊపాను.

"మీరు మార్చారా?"

ఊపాను.

"ఎందుకు?"

"నువ్వు పోతావని" అన్నాను. ఇంకేదో కలుపుదామనుకున్నాను. కలపలేదు. ఫోను ఆ రెండు మాటల్నే చెప్పింది.

ఆమె నన్ను చూసింది. నా చేతిలో పాలగిన్నె తీసి పొయ్యి మీద పెట్టి వెళ్ళిపోయింది. పెట్టె మూత వేసిన చప్పుడు వినబడింది. సర్దడం అయిపోయిందో, మానుకుందో వెళ్ళి చూసే ధైర్యం లేకపోయింది.

ఆగస్టు 9, శనివారం

అడగలేదు. ఆమె చెప్పలేదు. పెట్టె వీధి తలుపు పక్కనే ఉంది.

ఆగస్టు 10, ఆదివారం

రేపే పదకొండు. చర్చిలో పాస్టరుగారు ఏం చెప్పారో నాకు ఒక్క ముక్క ఎక్కలేదు.

మధ్యాహ్నం అందరం కింద కూర్చున్నాం. నాటుకోడి పులుసు, సంగటి. ఆఖరి భోజనం అనుకుని మరీ వండాను. ఫోను చార్జింగుకి లోపల ఉంది.

అత్త ఒక ముద్ద నోట్లో పెట్టుకుని విసిరినట్టు చెయ్యి దులిపింది. "ఏందే ఈ కారం? నన్ను తొందరగా పంపించాలనా? ఇన్నేండ్లు వండినా చెయ్యి కుదరదా నీకు?"

సరే అత్తా అనబోయాను. నోరు తెరిచాను కూడా. ఏమైందో తెలియదు, వేరే మాట వచ్చింది. నా పళ్ళెంలోకి చూస్తూ, నాకు మాత్రమే వినబడుతుందనుకున్నంత మెల్లగా అన్నాను. "కారం కూరలో లేదు. నీ నోట్లోనే ఉండాది."

"ఏమంటివే?" అంది అత్త.

"ఏం లేదత్తా."

నా పక్కన అసెన్లా ముద్ద కిందపెట్టింది. గొంతు సవరించుకుంది. ఆసుపత్రిలో మందు పేరు చదివి చెప్పినట్టు, ఒక్కొక్క మాటా విడదీసి, వీధిలోకి వినబడేలా, ఈ నెలలో పట్టుకున్న కాస్త తెలుగులో చెప్పింది.

"అత్త చెప్పినాది. కారం కూరలో లేదు. నీ నోట్లో ఉండాది."

నీళ్ళు మింగబోతున్న మావాడికి పొలమారింది. నాకు పళ్ళెంలో తల పెట్టుకోవాలనిపించింది. మా అత్త నావైపు అలాగే చూస్తూ ఉండిపోయింది. ఆమె కళ్ళలోకి నేను ఇంతసేపు ఎప్పుడూ చూడలేదని అప్పుడు తెలిసింది. కొంచెం గోధుమరంగు కళ్ళు.

"ఒరే వరదయ్యా!" అని అరిచింది. ఎదురుగా కూర్చున్న కొడుకుని పెరట్లో ఉన్నవాడిని పిలిచినట్టు పిలిచింది. "నీ పెండ్లానికి మాటలొచ్చినాయిరా!"

అని పళ్ళెం నా ముందుకి తోసి, "ఇంకాస్త పులుసు పొయ్యి" అంది.

పోస్తుంటే సగం పులుసు కింద ఒలికింది. అసెన్లా ఆ గరిటె నా చేతిలోంచి తీసుకుని తనే పోసింది. తరవాత నావైపు తిరిగి, మాటలు వెతుక్కుంటూ అడిగింది.

"అత్తా. రేపు ఆత్మకూరు బస్సు ఎప్పుడు?"

ఏడ్చి ముద్దు పెట్టుకోవాలనిపించింది. ఆ రెండూ చేయలేదు.

"ఏడుకి" అన్నాను. "లేటుగా లేస్తే నీ కోసం నేను ఆగను."

"నేను కూడా ఆగను" అంది.